ఆరో ఆల్బంలో అరుపు లేదు

తెల్లారేసరికి ఆరో ఆల్బంలోని అరుపులన్నీ మాయమయ్యాయి.

పొద్దున్నే స్టూడియో తెరిచి, కాఫీ తాగుతూ పాటలన్నీ ఒకసారి విని, పదకొండింటికి వచ్చే పాటల కంపెనీ మేడమ్‌కు వినిపించాలని గిటారిస్టు అనుకున్నాడు. గిటార్ ఉంది, డ్రమ్స్ ఉన్నాయి, ర్యాప్ కూడా ఉంది. గాయకుడు, అంటే అతని బావమరిది, అరవాల్సిన చోటల్లా నిశ్శబ్దం.

వాళ్ళది న్యూ మెటల్ బృందం, అంటే గిటార్ల హోరు మీద అరుపులూ ర్యాపూ. మొదటి ఆల్బం నిండా అరుపులే; కుర్రకారు వెర్రెత్తిపోయింది. రెండోదాంట్లో ర్యాప్ పెరిగింది. మూడోదానికి గాయకుడు పాడటం నేర్చుకున్నాడు. అభిమానులు అది క్షమించలేదు. నాలుగోదాంట్లోకి పియానో వచ్చింది. ఐదోదాన్ని దాదాపు కంప్యూటరే వాయించింది, దాదాపు కంప్యూటరే విన్నది. "మొదటి ఆల్బంలాంటి అరుపు ఉంటేనే ఆరోది విడుదల. లేకపోతే బృందాన్ని మర్చిపోండి" అని కంపెనీ మేడమ్ తేల్చేసింది. గిటార్ తప్ప ఇంకో పని తెలియని గిటారిస్టుకు ఆ మాట విన్నప్పటి నుంచీ అన్నం సయించడం లేదు.

"ఇది నీ పనే కదూ? అరుపుల్లో నీ డ్రమ్స్ వినపడట్లేదని నిన్నంతా ఏడ్చావు" అంటూ అతను డ్రమ్మర్ మీద పడ్డాడు.

"నేనా? నాలుగో ఆల్బంలోకి పియానో మోసుకొచ్చిందెవరు గురూ? మెత్తబడింది నువ్వు!"

గాయకుడు మూలన కూర్చుని వేడినీళ్ళు గుక్కగుక్కగా తాగుతున్నాడు. "గొంతు పట్టేసింది బావా. ఇవాళ నావల్ల కాదు" అని గుసగుసలాడాడు.

"అయితే నేనే అరుస్తా. అదేమైనా బ్రహ్మవిద్యా?" డ్రమ్మర్ మైకు ముందు నిలబడ్డాడు. గిటారిస్టు రికార్డింగు మొదలుపెట్టాడు. డ్రమ్మర్ గోడలు అదిరేలా అరిచాడు.

పై అంతస్తులో పళ్ళ ఆసుపత్రి ఉంది. అక్కడ నోరు తెరుచుకుని పడుకున్న పెద్దమనిషి, పక్కగదిలో ఎవరికో పన్ను పీకుతున్నారనుకుని, మెడకు కట్టిన గుడ్డతోనే మెట్లు దిగి పరుగెత్తాడు. అతణ్ణి చూసి బెంచీ మీదివాళ్ళు పరుగెత్తారు. వాళ్ళను చూసి, ఏ మంటలు లేచాయోనని పక్క దుకాణాలవాళ్ళు షట్టర్లు దించేశారు. నిమిషం గడవకముందే డాక్టరమ్మ పట్టకారుతో సహా స్టూడియోలో ఊడిపడింది.

"మనుషులేనా మీరు? నిన్నట్నుంచి ఒక్క పన్ను పీకనిచ్చారా? ఇంకోసారి అరిస్తే మీ పళ్ళన్నీ రాలగొట్టి, మళ్ళీ నేనే కడతా!"

కంగారులో గిటారిస్టు రికార్డింగు ఆపడం మర్చిపోయాడు. ఇప్పుడు ఆపబోయి వేరే మీట నొక్కాడు. డాక్టరమ్మ గర్జన, వెనకాల పాటలోని గిటార్‌తో సహా, స్పీకర్లలోంచి మళ్ళీ మొదలైంది.

గుమ్మంలో చప్పట్లు వినిపించాయి. కంపెనీ మేడమ్!

"అరుపంటే ఇదీ! అచ్చం మొదటి ఆల్బమే. ఒక్క ముక్క కూడా మార్చకండి. ఎవరిదీ గొంతు?"

డాక్టరమ్మ పట్టకారును వెనక్కి దాచుకుంది. గిటారిస్టు కుర్చీలో కూలబడి ఊపిరి పీల్చుకున్నాడు. అప్పుడు గాయకుడు గ్లాసు పక్కన పెట్టాడు. అతని గొంతు గంటలా ఖంగుమంది.

"చెరిపింది నేనే బావా. మొదటి ఆల్బంలో మా నాన్న మీద అరిచాను, రెండోదాంట్లో లోకం మీద. నిన్న ఈ కొత్త అరుపులు విన్నాను. వట్టి చప్పుడు, లోపల కోపం లేదు. నాన్నా నేనూ ఇప్పుడు రోజూ చదరంగం ఆడుకుంటున్నాం, ఇంకెవరి మీద అరవను? కోపం తెచ్చుకుందామని మొన్న రికార్డింగుకు ముందు కరెంటాఫీసు లైన్లో కూడా నిలబడ్డాను. నేను కోప్పడేలోపే పని చేసిపెట్టి, మంచినీళ్ళు ఇచ్చి పంపారు."