పిల్లి మాది కాదండీ

ఆ శనివారం పొద్దున సత్యానందం పెట్టుకున్న పనులు పెద్దవేమీ కావు. వాకిట్లో మంచు ఎత్తిపోయాలి, సాయంత్రం తమ ఇంట్లో జరిగే గృహకూటం ప్రార్థనకి సోఫాలు గోడవారకి జరపాలి, గరాజ్‌లో ఎండు వంజరం ముక్కలు వేయించాలి. నోవై ఊళ్ళో మార్చి నెల వచ్చిందే గానీ చలి ఇంకా సెలవు పుచ్చుకోలేదు. ఎండుచేప ఇంట్లో వేయిస్తే ఆ వాసన కోట్లకి పట్టి సోమవారం ఆఫీసు దాకా వెంట వస్తుంది. అందుకని ఆయన భార్య దీనమ్మ ఎప్పుడో ఆ వంటకి దేశబహిష్కారం వేసి గరాజ్‌లోకి తరిమేసింది. అక్కడ ఒక పాత బల్ల మీద కరెంటు పొయ్యి పెట్టుకుని, పొగ పోవడానికి తలుపు సగం పైకెత్తి, చలికోటుతోనే నిలబడి సత్యానందం చేపలు వేయిస్తుంటాడు.

ఆ సగం ఎత్తిన తలుపు కిందినుంచే, శీతాకాలం మొదట్లో ఒక పిల్లి లోపలికి వచ్చింది. గోధుమరంగుది. ఒక చెవి సగం లేదు. ఎవరిదో తెలియదు. మొదటిరోజు సత్యానందం చీపురు తీశాడు. మర్నాడు తీయడానికి బద్ధకించాడు. ఆ తర్వాత చేపతలలు విడిగా ఒక గిన్నెలో వేయడం మొదలుపెట్టాడు. క్రిస్మస్ నాటికి బల్ల కింద అట్టపెట్టె, అందులో పాత దుప్పటి కూడా వెలిశాయి. "మీవాడొచ్చాడండీ" అని దీనమ్మ పిలిస్తే, "నావాడేంటి, వీధి పిల్లి" అని కసురుకుంటూనే గిన్నె పట్టుకుని వెళ్ళేవాడు. పేరు మాత్రం పెట్టలేదు. పేరు పెడితే మనదైపోతుందని ఆయన భయం.

పది గంటలు కాకముందే షాలేం రాజు వ్యానులో మడతకుర్చీలు వేసుకుని దిగాడు. ఆయన వాళ్ళ తెలుగు చర్చి సంఘంలో పెద్ద. కుర్చీలు మొయ్యడం దగ్గర్నుంచి గ్రీన్‌కార్డు సలహాల దాకా అన్నీ ఆయనే. తనకి కార్డు వచ్చింది కాబట్టి, రానివాళ్ళందరికీ ఆయనే లాయరు. ఈ లెంట్ రోజుల్లో శనివారాలు సాయంత్రం దాకా పచ్చి మంచినీళ్ళు కూడా ముట్టకుండా ఉపవాసం ఉంటున్నాడు. ఆ సంగతి ఎవరికీ చెప్పకూడదని ప్రతి ఆదివారం అందరికీ చెబుతున్నాడు.

"వందనాలు బ్రదర్. కుర్చీలు ఇక్కడే పెట్టేయనా?" అన్నాడు గరాజ్‌లోకి వస్తూ.

"పెట్టండి రాజుగారూ. పేపర్ టవల్ తెస్తాను" అని సత్యానందం ఇంట్లోకి వెళ్ళాడు.

తిరిగి వచ్చి లోపలి తలుపు తీసేసరికి షాలేం రాజు అటూ ఇటూ చూసి, పళ్ళెం మీద మూత ఎత్తి, మధ్యలో బాగా ఎర్రగా వేగిన ముక్క మీద చెయ్యి వేశాడు. అదే ముక్క మీద పొద్దుటినుంచీ కన్నేసిన పిల్లి సరిగ్గా అప్పుడే బల్ల ఎక్కింది. దాని లెక్కలో చేపముక్క ఎక్కడ ఆగిందో, సంఘపెద్ద వేలు ఎక్కడ మొదలైందో తేడా లేదు. రెండింటినీ కలిపి పట్టింది. రాజు కెవ్వుమన్నాడు. పిల్లి ముక్కతో వ్యాను కిందికి పోయింది. వేలి మీద రెండు చిన్న గాట్లు, వాటినుంచి కాస్త రక్తం, దాని చుట్టూ నూనె.

ఇద్దరి కళ్ళూ కలుసుకున్నాయి.

"కుర్చీలు దింపుతుంటే మీదకి దూకింది బ్రదర్. ఊరికే, ఏ కారణం లేకుండా" అన్నాడు షాలేం రాజు, నూనె వేళ్ళు ప్యాంటుకి తుడుచుకుంటూ.

సత్యానందం అంతా చూశాడు. కానీ ఎదుట ఉన్నది వయసులో పెద్ద, సంఘంలో పెద్ద. నలుగురిలో ఉపవాసం మాట ఇచ్చిన మనిషి. మొహమాటం అడ్డొచ్చింది. "అయ్యో, అలాగా" అన్నాడు. ఆ 'అలాగా' దగ్గరే పని చెడింది.

రాజు వేలికి కట్టు కట్టించుకుని వ్యానులోనే కూర్చుని సంఘం వాట్సాప్ గ్రూపులో ప్రార్థన మనవి పెట్టాడు. సత్యానందం బ్రదర్ ఇంట్లో జంతువు దాడి చేసింది, ప్రార్థించండి అని. జంతువు అంటే ఏ జంతువో చెప్పలేదు. ఎవరో ఇండియానాలో ఉన్న చెల్లెలికి పంపారు, ఆమె డాలస్ పాస్టరుగారికి పంపింది. మధ్యాహ్నానికి నరసాపురం నుంచి దీనమ్మ మేనత్త ఫోను చేసింది.

"ఆయ్, ఎలుగుబంటి మీద పడిందంట గదే. అల్లుడుగారి చెయ్యి ఉందా, తీసేశారా?"

"ఎలుగుబంటి కాదత్తా, పిల్లి."

"పిల్లికే అంతమంది ప్రార్థన చేస్తారా ఏంటి? నా దగ్గర దాయకే తల్లీ" అని మేనత్త అక్కడే ఏడుపు మొదలుపెట్టింది.

ఇంతమంది కన్నీళ్ళతో ప్రార్థిస్తుంటే షాలేం రాజు చిన్న గాటుతో ఇంట్లో కూర్చోలేకపోయాడు. రేబీస్ వస్తే మందు లేదని ఒకరు, వెంటనే డాక్టరుకి చూపించమని ఇంకొకరు మెసేజ్‌లు. పైగా కుక్క కరిస్తే బొడ్డు చుట్టూ పద్నాలుగు ఇంజెక్షన్లన్న చిన్ననాటి భయం ఆయన పొట్టలో ఇంకా భద్రంగానే ఉంది. అర్జెంట్ కేర్‌కి వెళ్ళాడు. పిల్లిని ఏమైనా రెచ్చగొట్టారా, తిండి దగ్గర చెయ్యి పెట్టారా అని డాక్టరు అడిగింది. వెనక సంఘం వాళ్ళు ఇద్దరు తోడు నిలబడి ఉన్నారు. ఉపవాసంలో ఉన్నవాడు తిండి దగ్గర చెయ్యి ఎందుకు పెడతాడు? లేదన్నాడు. జంతువు కరిస్తే రిపోర్టు చెయ్యడం ఇక్కడ చట్టం, డాక్టరు రిపోర్టు చేసింది.

సాయంత్రం గృహకూటం నిండుగా జరుగుతోంది. పాస్టరుగారు కళ్ళు మూసుకుని, ఈ ఇంటిచుట్టూ తిరిగే కీడునంతా తొలగించమని ప్రార్థిస్తుండగా తలుపు తట్టిన చప్పుడైంది. వీధి జంతువుల్ని పట్టుకెళ్ళే యానిమల్ కంట్రోల్ వాళ్ళ కోటు వేసుకున్న ఒక అమ్మాయి గుమ్మంలో నిలబడి ఉంది. ప్రార్థనకి ఇంత త్వరగా జవాబు రావడం ఆ సంఘంలో ఎవరూ చూడలేదు.

పిల్లి ఎవరిదని అడిగింది ఆ అమ్మాయి. మీదైతే పది రోజులు ఇంట్లోనే కట్టడి చేసి చూస్తే చాలు, బాగుంటే గొడవ లేదు అంది. ఎవరిదీ కాకపోతే జంతువుల షెల్టర్‌కి తీసుకెళ్ళి, అక్కడ టెస్టు చేస్తారంది.

షాలేం రాజు సత్యానందం చెవిలోకి వంగాడు. "మీది కాదని చెప్పండి బ్రదర్. గ్రీన్‌కార్డ్ ఇంటర్వ్యూ ముందు పెట్టుకుని గవర్నమెంట్ రికార్డ్‌లో మీ పేరెందుకు? కరిచిన పిల్లి ఓనర్ అని పడితే రేపు వాళ్ళు ఏమంటారో."

"టెస్ట్ అంటున్నారండీ, దానికేమీ అవదు కదా?"

"టెస్టే కదా. మనకి షుగర్ టెస్ట్ చేసినట్టు చుక్క రక్తం తీసి వదిలేస్తారు."

ఎన్నో ఏళ్ళుగా ఒక కార్డు కోసం ఎదురుచూస్తున్న మనిషికి ఆ మాట చాలు. సత్యానందం ఆ అమ్మాయి వైపు తిరిగి, పిల్లి తమది కాదన్నాడు. రోజూ తిండి పెడతారా అని అడిగితే లేదన్నాడు. అంతలో పిల్లి గరాజ్‌లోంచి తాపీగా లోపలికి వచ్చి, ఇంతమందిలో వెతుక్కుని ఆయన కాలికే వీపు రాసుకుంది. అసలు ఈ పిల్లి మీకు తెలుసా అని ఆ అమ్మాయి అడిగింది.

"తెలీదు" అన్నాడు. దీనమ్మ వంటగది గుమ్మంలో గరిటె పట్టుకుని నిలబడిపోయింది.

పట్టుకోబోతే పిల్లి సోఫా కిందికి దూరింది. ఎవరు పిలిచినా రాలేదు. అందరూ ఇబ్బంది పడుతుంటే, ఇల్లు తనది కాబట్టి సాయం చెయ్యడం మర్యాద అనుకుని, సత్యానందం ఒక చేపముక్క తెచ్చి కింద కూర్చున్నాడు. పిల్లి వెంటనే వచ్చింది. దాన్ని ఎత్తి ఆయనే బోనులో పెట్టాడు. మీకు పిల్లులతో బాగా అలవాటున్నట్టుందే అని ఆ అమ్మాయి మెచ్చుకుంది.

మర్నాడు చర్చిలో కాఫీ దగ్గర నర్సు ఎస్తేరు ఎదురైంది. టెస్టు రిపోర్టు ఎప్పుడొస్తుందని సత్యానందం ఆమెని అడిగాడు.

"ల్యాబ్‌కి వెళ్ళాక ఒకటి రెండు రోజులు పడుతుంది అన్నయ్యా. ముందు తల పంపాలి కదా."

"ఎవరి తల?"

ఎస్తేరు కాఫీ కప్పు కింద పెట్టింది. "రేబీస్ టెస్ట్ మెదడుకే చేస్తారు అన్నయ్యా. బతికుండగా చెయ్యడం కుదరదు. మీకు తెలీదా?"

కార్లో సత్యానందం దీనమ్మకి అంతా చెప్పాడు. చేపముక్క సంగతితో సహా.

"ముక్క కోసం కరిచిందని ఒక్క మాట అంటే ఏం పోయేదండీ?" అందామె.

"పెద్దాయన. అందరిలో పరువు పోతుందని."

"ఆయన పరువు ఉండాలని దాన్ని పంపించారా? మీ చేత్తోనే?"

సత్యానందం షెల్టర్‌కి ఫోను చేశాడు. ఆదివారం సెలవని మిషన్ చెప్పింది. పెంచుకోవడానికి ఒకటి నొక్కమంది, తప్పిపోయినదాని కోసం రెండు నొక్కమంది. మాది కాదని చెప్పినదాన్ని మాదే అని చెప్పుకోవడానికి ఏ నంబరూ లేదు. మెసేజ్ పెట్టాడు, మళ్ళీ పెట్టాడు. షాలేం రాజుకి ఫోను చేసి నిజం చెప్పమని బతిమాలాడు. ఆయన మెత్తగా నవ్వి, "నేను ముక్క తీశానని మీకు ఎలా అనిపించింది బ్రదర్? నేను ఉపవాసంలో ఉన్నాను కదా" అన్నాడు. ఆ గొంతు విన్నాక సత్యానందానికి ఒకటి అర్థమైంది. ఈపాటికి ఆయన తన అబద్ధాన్ని నిజంగానే నమ్మేశాడు.

సోమవారం ఆఫీసు మానేసి, షెల్టర్ తలుపులు తీసే వేళకి గుమ్మంలో నిలబడ్డాడు. కౌంటర్‌లో పెద్దావిడకి ఊపిరాడకుండా చెప్పేశాడు. ఆ పిల్లి నాది, శీతాకాలమంతా నేనే తిండి పెట్టాను, అది ఊరికే కరవలేదు, చేప కోసం కరిచింది, ఆ పెద్దమనిషి ఉపవాసంలో ఉన్నాడు అని. ఉపవాసానికీ పిల్లికీ సంబంధం ఆవిడకి తెలియలేదు. ఫోనులో ఫోటోలు చూపించాడు. అట్టపెట్టెలో పిల్లి, దుప్పటి మీద పిల్లి, మంచులో తుమ్ముతున్న పిల్లి. అన్ని ఫోటోలు తీశానని అప్పటిదాకా ఆయనకే తెలియదు.

ఆవిడ లోపలికి వెళ్ళి వచ్చి కళ్ళజోడు తీసేసింది. పొద్దున తలుపులు తీయకముందే మొదటి పనిగా ఆ టెస్టు కానిచ్చేశారట. బోనులు ఖాళీ లేవు, యజమాని లేడు, రెచ్చగొట్టకుండా కరిచిందని రిపోర్టులో ఉంది. ఇవి మూడూ కలిస్తే ఆగేది ఉండదట. చాలా విచారిస్తున్నానంది. కనీసం రికార్డులో యజమాని పేరు సరిచేస్తానంటూ ఆయన పేరు, అడ్రసు రాసుకుంది. పిల్లి పేరేమిటని అడిగింది.

సత్యానందం కౌంటర్ పట్టుకున్నాడు. "మావాడు" అన్నాడు. ఆవిడ అక్షరం అక్షరం అడిగి కంప్యూటర్‌లో కొట్టింది. ఆయన కార్లోకి వెళ్ళి స్టీరింగ్ మీద తల ఆన్చి చిన్నపిల్లాడిలా ఏడ్చాడు.

బుధవారం రిపోర్టు వచ్చింది. పిల్లికి ఏ జబ్బూ లేదు. షాలేం రాజుకి ఒక్క ఇంజెక్షను కూడా అవసరం లేదు.

తర్వాతి శనివారం ఎస్తేరు వాళ్ళింట్లో కూటం. షాలేం రాజు లేచి, మరణపు నోట్లోంచి దేవుడు తనని ఎలా లాగాడో సాక్ష్యం చెప్పాడు. అందరూ స్తోత్రం అన్నారు. అప్పుడు సత్యానందం లేచాడు. అలా నలుగురిలో లేవడం ఆయనకి జీవితంలో అదే మొదలు.

"ఆ పిల్లి నాదండీ. కాదని అబద్ధం చెప్పాను. రాజుగారు పళ్ళెంలో చేపముక్క తీస్తుంటే కరిచింది. నేను చూశాను. చూసి ఊరుకున్నాను."

షాలేం రాజు నెమ్మదిగా వచ్చి ఆయన భుజం మీద చెయ్యి వేశాడు. "బ్రదర్‌కి మనసు బాగా గాయపడింది. ఏం మాట్లాడుతున్నాడో ఆయనకే తెలియడం లేదు. అందరం ఆయన కోసం ప్రార్థన చేద్దాం" అన్నాడు. అందరూ కళ్ళు మూసుకుని, సత్యానందానికి మనశ్శాంతి ఇమ్మని ఒక్క గొంతుతో అడిగారు. దీనమ్మ ఒక్కతే కళ్ళు తెరిచి ఉంది. లేచి వచ్చి భర్త చెయ్యి పట్టుకుని బయటికి తీసుకెళ్ళింది.

నెల తిరిగాక పోస్టులో ఒక కార్డు వచ్చింది. పిల్లికి యజమాని ఉన్నాడని కంప్యూటర్‌కి చెప్పినవాళ్ళు, పిల్లి లేదని దానికి చెప్పడం మరిచిపోయారు. మీ పిల్లికి రేబీస్ టీకా గడువు దాటిందని, ఆలస్యం చేయకుండా వేయించాలని అందులో ఉంది. అడుగున పెద్ద అక్షరాలతో, ఒక మూగజీవి బాధ్యత తీసుకున్నందుకు ధన్యవాదాలు చెప్పారు.