బర్రె ఉన్నవారికే ఓటు

"ఈతూరి మన సంఘం ఎన్నిక మన పాలంత పారదర్శకంగా జరుగుతాది!" అని మైకులో ప్రకటించారు మా పాల సంఘం అధ్యక్షులు అనంతపద్మనాభంగారు. ఆ పాలు రోజూ కొలిచే ఉద్యోగిని కాబట్టి ఆ పారదర్శకత ఎంతో నాకు తెలుసు.

రాజుపాలెం పక్కనున్న మా సంఘానికి పన్నెండేళ్లుగా ఎన్నికల్లేవు. ఆరు నెలలకోసారి పొడిగింపు వస్తుంది. అధ్యక్షులవారు వద్దు వద్దంటూనే కుర్చీలో కూర్చుంటారు. ఈలోగా నిర్మలమ్మ కోర్టుకెక్కింది. రోజూ ఆరు లీటర్లు పోసినా తనకు ఓటు లేదట. "ఆమెకు బర్రే లేదు" అని అధ్యక్షులు అఫిడవిట్ వేశారు. కోర్టువారు అడ్వొకేట్ కమిషనర్ ఇష్రత్ మేడమ్‌ను పంపారు. ఇల్లిల్లూ తిరిగి ఆమె కళ్లారా చూడాలి. ఎవరింట్లో బర్రె ఉంటే వారికే ఓటు.

చిక్కల్లా ఒక్కటే. అధ్యక్షులతో కలిపి ఏడుగురు డైరెక్టర్లూ ప్యాకెట్ పాలే కొంటారు.

"ఒక్క బర్రె చాలప్పా," అన్నారు అధ్యక్షులు నాతో. "మేడమ్ ఒకింట్లో చూసి కాఫీ తాగేలోపల నువ్వు పెరటి దోవన దాన్ని పక్కింటికి తోలుకుపో."

ఊరి బర్రెలన్నీ మేపే అబ్దుల్ సలాం దగ్గరికెళ్లి సాధువైనదాన్ని అడిగాను.

"ఇది తీస్కపో మామా, మేకపిల్ల మాదిరి వస్తాది," అన్నాడు. ఎవరిదని నేనడగలేదు. అడగంది సలాం చెప్పడు.

తనిఖీ నిర్మలమ్మ ఇంటితోనే మొదలైంది. కొట్టం ఖాళీ.

"మేపుకు పోయిండాది మేడమ్. పొద్దు వాలితే వస్తాది."

"రాసుకోండి మేడమ్, బర్రె లేదు!" అన్నారు అధ్యక్షులు ఉత్సాహంగా.

"నా ఓటు పోతాది మేడమ్! సాయంత్రం ఒక్కతూరి చూసి పోండి."

"చూస్తానమ్మా," అన్నారు మేడమ్.

మొదటి డైరెక్టరింట్లో బర్రె బెదిరింది. మూడో ఇంటికి అలవాటు పడింది. ఐదో ఇంటికి నాకన్నా ముందే చేరింది. ఆరో ఇంట్లో మేడమ్ కనబడగానే చెయ్యి నాకింది.

"కోర్టంటే దానికి శానా గౌరవం," అన్నారు అధ్యక్షులు.

మేడమ్ ప్రతి ఇంట్లో దాని చెవికున్న పసుపు బిళ్ల చూసి ఏదో రాసుకున్నారు.

ఏడోది అధ్యక్షులవారి ఇల్లే. పాలు పిండే వేళయింది. బర్రె ఒక్క గుంజు గుంజి వీధిలోకి దూకింది. తాడు పట్టుకుని నేను, నా వెనక అధ్యక్షులు, ఆయన వెనక న్యాయవ్యవస్థ పరుగెత్తాం. అది నేరుగా నిర్మలమ్మ కొట్టంలో దూరి నిలబడింది.

"యాడ తిరిగినావే తల్లీ ఇంతసేపు?" అంది నిర్మలమ్మ, చెంబు అందుకుంటూ.

వీధి వీధంతా మూగింది. మేడమ్ అందరికీ వినబడేలా చెప్పారు: "ఏడిళ్లలో నేను చూసింది ఒకే బర్రె. బిళ్ల నంబరు ఒకటే. పశువైద్యశాల రికార్డులో ఆ నంబరు యజమాని నిర్మలమ్మ. ఆమెకు ఓటుంది, మీ ఏడుగురికీ లేదు. పాలు పోసే మిగతా నలభైమంది ఇళ్లకు రేపు వస్తాను."

అధ్యక్షులు తొణకలేదు. చప్పట్లు కొట్టారు. "సూడండప్పా, ఏడిళ్లకూ ఒకటే బర్రె! ఏకగ్రీవమంటే ఇదే గదా!" అని తనకోసం తెప్పించుకున్న పూలదండ బర్రె మెడలో వేశారు. అది అందినంత తినేసింది.

"నిర్మలమ్మా, కొత్త కమిటీలో నన్నూ యాడన్నా..."

"ముందు దానికి నీళ్లు పెట్టు సామీ. పొద్దున్నుంచి తిప్పినారు."

పన్నెండేళ్ల అధ్యక్షులు అటూ ఇటూ చూశారు. కారులోంచి మినరల్ వాటర్ సీసా తెచ్చి, మూత తీసి, బర్రె నోటికి అందించారు.