బూబకర్ సారు బుర్ర

ఆ ఉదయం ఇనాయతుల్లాకు ఉన్న పని ఒక్కటే. రియాద్‌లోని హోటల్ గదిలో ఉన్న రెండు సొరకాయ బుర్రలను తొమ్మిదికల్లా రికార్డింగ్ స్టూడియోకు చేర్చాలి. కడప నుంచి వచ్చి పదేళ్లుగా కారు నడుపుతున్న అతనికి ఇంతకన్నా తేలిక పని ఎప్పుడూ తగల్లేదు.

బుర్రలు మాలీ దేశం నుంచి వచ్చిన సంగీత దర్శకుడు బూబకర్‌వి. ఆయన ఒక సౌదీ సినిమాకు నేపథ్య సంగీతం సమకూరుస్తున్నాడు. వాళ్ల ఊళ్లో ఆడవాళ్లు సగానికి కోసిన బుర్రను నీళ్ల తొట్టిలో బోర్లించి, పుల్లతో వాయిస్తూ పాడతారు. ఆ దరువును ఆయన నలభై వయొలిన్ల కింద నడిపిస్తుంటే, గాజు తలుపు అవతల నిలబడ్డ ఇనాయతుల్లా వారం రోజులుగా చేతిలోని టీ తాగడం మరిచిపోతున్నాడు. సినిమా దర్శకుడికి మాత్రం నమ్మకం కుదరలేదు. తల్లి బిడ్డను పోగొట్టుకునే ఘట్టానికి ఈ రోజు ఆ చప్పుడు నప్పకపోతే బుర్రలు తీసేద్దామన్నాడు.

పెద్ద బుర్ర బూబకర్ నాయనమ్మది. ఆ గౌరవంతోనే ఇనాయతుల్లా దాన్ని వెనక సీట్లో కూర్చోబెట్టి బెల్టు పెట్టాడు. సిగ్నల్ దగ్గర బ్రేకు వేయగానే బెల్టు బిగుసుకుని, బుర్ర టప్పున చిట్లింది.

స్టూడియో ముందు కారాపి, తనకు తెలిసిన, రియాద్‌లోనే నర్సుగా ఉన్న కాకినాడ ప్రేమజ్యోతికి ఫోన్ చేశాడు. ఆస్పత్రిలో గట్టిగా అంటుకునే పట్టీ దొరుకుతుందని అతని ఆశ.

"అక్కా, మా సారు బుర్ర పగిలిపాయ. అతికించేదానికి ప్లాస్టర్ ఉందా?"

"రక్తం బాగా పోతోందా?"

"రక్తమెట్ల వచ్చాదక్కా, లోపలంతా ఖాళీనే గదా."

భయంతో అతనికి మతి పోయిందనుకుంది ప్రేమజ్యోతి. స్టూడియో ఎక్కడో అడిగి తెలుసుకుని, మనిషిని కదల్చొద్దని చెప్పి, మారుమాట వినకుండా పెట్టేసి, అంబులెన్సుకు ఫోన్ చేసి, తానూ టాక్సీ ఎక్కింది.

ఇనాయతుల్లా లోపలికెళ్లి, బుర్రను బూబకర్ చేతుల్లో పెట్టి జరిగింది చెప్పాడు. ఆయన కోప్పడలేదు. చీలికను వేలితో కాసేపు తడిమి, కుర్చీలో కూలబడి తల పట్టుకున్నాడు. సరిగ్గా అప్పుడే స్ట్రెచర్ వచ్చింది. తల పట్టుకున్న మనిషిని చూశాక అంబులెన్సు వాళ్లకు ఇంకెవరినీ అడగాల్సిన పని లేకపోయింది. ఆయన వద్దంటున్నకొద్దీ దెబ్బ గట్టిదే అనుకుని పడుకోబెట్టి బెల్టులు బిగించారు. నలభై మందీ వయొలిన్లు పట్టుకుని లేచి నిలబడ్డారు. వెనకే పరుగున వచ్చిన ప్రేమజ్యోతి ఆయన జుట్టంతా వెతికింది. చిన్న గీత కూడా కనిపించలేదు.

"పగిలింది ఎక్కడ తమ్ముడూ?"

ఇనాయతుల్లా తొట్టి పక్కనున్న బుర్రను చూపించాడు.

ఆమెకు తల ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. అయినా తెచ్చిన పట్టీ వృథా చేయకుండా, చీలికను దగ్గరికి నొక్కి, చుట్టూ శ్రద్ధగా కట్టు కట్టింది. స్ట్రెచర్ నుంచి బయటపడ్డ బూబకర్ దాన్ని నీళ్లలో బోర్లించి పుల్లతో తట్టాడు. మునుపటి గణగణ లేదు. మెత్తగా, బరువుగా, ఏడుపు దిగమింగుకున్న గొంతులా పలికింది. ఆయన కళ్లు మూసుకుని, వాయిస్తూనే, నాయనమ్మ పాట అందుకున్నాడు. వయొలిన్లు ఒక్కొక్కటే వచ్చి కలిశాయి. ప్రేమజ్యోతి చున్నీతో కళ్లు తుడుచుకుంది. అంబులెన్సు వాళ్లు వెళ్లడం మానేసి గోడకు ఆనుకున్నారు.

పాట ఆగగానే సినిమా దర్శకుడు గాజు తలుపు తోసుకుని లోపలికొచ్చాడు. రెండో బుర్రను కూడా పగలగొట్టి చూద్దామా అని అడిగాడు.