చంద్రమణి గారికి సన్మానం

ఒక పెద్ద అడవిలో చంద్రమణి అనే పేరుతో ముగ్గురు రచయితలు ఉండేవారు. నెమలి చంద్రమణి కవిత్వం రాసేది. ఎలుగుబంటి చంద్రమణి నవలలు రాసేది. ఉడుత చంద్రమణి పిల్లల కథలు రాసేది. మొదటి ఇద్దరివీ సోకుగా ఉంటుందని తగిలించుకున్న పేర్లు. ఉడుతది మాత్రం నాయనమ్మ పెట్టిన పేరు.

ఆ అడవికి ఒక సాహిత్య పరిషత్తు ఉండేది. అధ్యక్షుడు ఏనుగు, కార్యదర్శి నక్క. ఏటా ఒక రచయితకు శాలువా కప్పడం పరిషత్తు పని. పుస్తకాలు చదవడం దాని పని కాదు. చదివితే ఇష్టాయిష్టాలు పుట్టి పక్షపాతం వస్తుందట! అందుకని చదవకుండానే పొగిడే ఆచారాన్ని తాతల నాటి నుంచీ కాపాడుకొస్తున్నారు.

ఆ ఏడు చంద్రమణికి సన్మానం చేయాలని తీర్మానించారు. మృగరాజు వస్తానని కబురు పంపాడు. ఆహ్వానాలన్నీ పంచేశాక ఏనుగుకు అనుమానం వచ్చింది.

"ఇంతకీ ఏ చంద్రమణికయ్యా?"

నక్క నాలుక కరుచుకుంది. ఎవరినైనా అడిగితే చదవలేదని బయటపడుతుంది. సరిగ్గా అప్పుడే నెమలి వచ్చింది.

"మూడు రకాలూ నేనే రాశానని ప్రకటించండి. మీకూ తలనొప్పి ఉండదు. ఆ ఇద్దరినీ పేర్లు మార్చుకోమనండి."

నక్క ముందు ఎలుగుబంటి దగ్గరికి వెళ్ళింది. ఎలుగుబంటి తేనెపట్టు నాకుతూ విన్నది.

"నా నవల కూడా తనదేనంటుందా? నలుగురిలో అంటుందా?" అని రెండుసార్లు అడిగింది. "అయితే నిక్షేపంగా తీసుకోమనండి. ఇవాళ్టి నుంచి నా పేరు జాంబయ్య."

ఉడుత మాత్రం ఒప్పుకోలేదు.

"నాయనమ్మ పెట్టిన పేరండీ. నా కథల మీద అదే ఉండాలి."

"పిల్లల కథలకు పేరెందుకమ్మా? పిల్లలు చూస్తారా ఏమన్నానా?"

"పిల్లలు చూడకపోతే వాళ్ళమ్మలు చూస్తారు. నాకున్నది ఆ పేరూ, ఆ కథలే కార్యదర్శిగారూ. శాలువా నెమలిగారికే కప్పండి, నా కథలు మాత్రం ఇవ్వను."

"సభలో నోరెత్తితే నీ కథలు బడిలో ఉండవు, చూసుకో" అని నక్క తోక ఝాడించుకుని వెళ్ళిపోయింది. ఆ మాటకు ఉడుతకు ఏడుపొచ్చింది. పిల్లలు చదవని కథలు రాసి ఏం లాభం?

సన్మానం రోజు వేదిక మీద మూడు రకాల పుస్తకాలూ పేర్చి, అన్నీ తనవేనన్న నెమలికి శాలువా కప్పారు. ఏనుగు గంటసేపు "వీరి కలం, వీరి గళం" అంటూ పొగిడింది. మృగరాజుకు ఆవులింతలు వచ్చాయి.

"పొగడ్త చాలు గానీ, ఒక ముక్క చదివి వినిపించండి" అన్నాడు.

సభ గతుక్కుమంది. పరిషత్తు పుట్టాక సన్మానసభలో పుస్తకం తెరిచిన పాపాన ఎవరూ పోలేదు. నక్క సైగ చేస్తే వేదిక మీదున్న చిలుక అన్నిటికన్నా లావుపాటి పుస్తకం తీసి, మధ్యలో తెరిచి, గొంతు సవరించుకుని చదివింది.

"రాజుగారు భోజనానికి ముందు గర్జించేవారు, తర్వాత గురక పెట్టేవారు. మంత్రులు రెంటినీ శాసనాలుగా రాసుకునేవారు."

చిలుక ఆగిపోయింది. వెనక వరసలో జాంబయ్య మూతి తుడుచుకుంది.

"ఎవరు రాశారిది?" అన్నాడు మృగరాజు.

"నేను కాదు ప్రభూ!" నెమలి శాలువా విసిరేసింది. "ఆ నవల నాది కాదు! ఆ కథలూ నావి కావు! కవిత్వం కూడా... అదీ నాది కాదు! అసలు నేను చంద్రమణినే కాదు!"

"మరి చంద్రమణి ఎవరు?"

ఉడుత ఆలోచించింది. ఇప్పుడు కాదంటే ప్రాణం దక్కుతుంది, పేరు పోతుంది.

"నేనేనండీ" అంది. "ఆ నవల నాది కాదు. పిల్లల కథలు నావి."

మృగరాజు వంగి చూశాడు. "పిల్లల కథలా! వాటిలో నేనున్నానా?"

"ఉన్నారండీ."

"ఏం చేస్తుంటాను?"

"నిద్రపోతుంటారు."

మృగరాజు పగలబడి నవ్వాడు. "పిల్లల కథే కదా, రాసుకో! నీ పేరుతోనే రాసుకో!" అన్నాడు. తర్వాత నవ్వు ఆపి నెమలి వైపు తిరిగాడు. "పొద్దుటి నుంచీ మూడూ తనవేనని ఒప్పుకున్నది ఈ నెమలే కదా? ఈకలు పీకి నాకు విసనకర్ర చేయించండి."

ఆ సాయంత్రమే నెమలికి బోడితోక మిగిలింది. మరుసటి ఏడు సన్మానం ఏనుగుకే జరిగింది. ఒక్క పుస్తకమూ రాయని రచయిత అయితే ఏ ప్రమాదమూ లేదని పరిషత్తు ఏకగ్రీవంగా తేల్చింది.

నీతి: ఎవరు రాసిన పుస్తకాన్నైనా మనదని చెప్పుకోవచ్చు, కాకపోతే ముందు ఒకసారి చదివి చెప్పుకోవాలి.