హార్బర్‌కెళ్లిన సత్యదండం

1988లో ఒక ఆదివారం పొద్దున గురునాథరావు పెట్టుకున్న పని ఒక్కటే. సత్యదండానికి కొత్త సెల్లులు వేసి, బంగారు కాగితం ఊడినచోట మైదా జిగురు రాసి, సాయంత్రం ఆరున్నరకు ఉక్కునగరం కమ్యూనిటీ హాల్లో వేసే నాటకానికి సిద్ధం చెయ్యాలి. నాటకం పేరు ‘గంధర్వ న్యాయస్థానం’. న్యాయమూర్తి వేషం ఆయనదే. అబద్ధమాడినవాడు పట్టుకుంటే దండం తల ఎర్రగా వెలగాలి. అందుకని వెదురుకర్ర తొలిచి, టార్చిలైటు బల్బు బిగించి, దానిమీద ఎర్రకాగితం చుట్టి, పిడి దగ్గర ఇత్తడి రేకు పెట్టాడు. పిడి గట్టిగా నొక్కితే వెలుగుతుంది. ఉక్కు ఫ్యాక్టరీ స్టోర్సులో గుమస్తాగిరీ చేసే మనిషికి ఇదేమీ చిన్న విద్య కాదు. భార్య రామలక్ష్మమ్మ మాత్రం మెచ్చుకోలేదు. వరండా లైటు వెలగక నెలైందని గుర్తుచేసి ఊరుకుంది.

సెల్లులు వేసి మూత బిగిస్తుండగా పోతమ్మ వచ్చింది. తలమీద గంప లేదు. పోతమ్మ రోజూ ఫిషింగ్ హార్బర్ నుంచి చేపలు తెచ్చి క్వార్టర్ల గుమ్మాల్లో అమ్ముకునే మనిషి. ఆ ఇంటికి మాత్రం అంతకన్నా ఎక్కువ. రెండేళ్ల కిందట వాళ్లు క్వార్టర్లోకి దిగిన వారానికే రామలక్ష్మమ్మకు టైఫాయిడ్ వచ్చింది. పక్కింటివాళ్ల పేరు కూడా తెలియని రోజులు. పోతమ్మ గంప గుమ్మంలో దించి, తొమ్మిది రోజులు జావ కాచి పోసింది, ఒళ్లు తుడిచింది, తన బేరం తాను చెడగొట్టుకుంది. గురునాథరావు ఆ తొమ్మిది రోజుల్నీ మరిచిపోలేదు.

ఆవిడ చెప్పిన సంగతి ఇది. బోటు యజమాని వరహాలుది వల ఒకటి పోయింది. వల పోయిన పొద్దున వలల కుప్ప పక్కన కూర్చున్నది పోతమ్మే గనుక దొంగ పోతమ్మే అన్నాడు. ఇద్దరూ కులకర్ర పట్టుకుని ప్రమాణం చెయ్యాలని కులపెద్ద ఎల్లారావు చెప్పాడు. తీరా చూస్తే కర్ర లేదు. ఎల్లారావు భార్య గంగాలమ్మ దాన్ని ఎండుచేపల దండేనికి కట్టి పోగొట్టిందట.

"కర్ర నేకపోతే పంచాయతీ నేదు. పంచాయతీ అయ్యేదాకా రేవులో కూకోవద్దన్నారు బాబూ. ఎనిమిది రోజులైపోనాది. నానేటి సేతును?"

గురునాథరావు చేతిలో ఉన్న కర్రను చూసుకున్నాడు. రామలక్ష్మమ్మ ఆయన్ని చూసింది.

"ఇంకా ఏటి ఆలోచిత్తన్నారు? పట్టుకెళ్లండి," అంది.

మధ్యాహ్నానికల్లా తిరిగొచ్చేద్దామని లెక్కేసుకుని, దండాన్ని తువ్వాలులో చుట్టి, గాజువాకలో బస్సు మారి, పోతమ్మ వెంట హార్బర్‌లో దిగాడు. ఐసు ఫ్యాక్టరీ వెనక చీకటి షెడ్డులో జనాన్ని పోగుచేశారు. ఎల్లారావు దండాన్ని ఎగాదిగా చూసి, ఎక్కడిదని అడిగాడు. ఇక్కడ నిజం చెప్పేస్తే సరిపోయేది. కానీ నాటకం కర్రంటే పంచాయతీకి పనికిరాదంటారేమోనని గురునాథరావు జంకాడు. జంకేసరికి, నెల్లాళ్లుగా బట్టీపట్టిన డైలాగు దానంతటదే బయటికొచ్చింది.

"ఇది గంధర్వుల కొలువులో తీర్పు చెప్పిన సత్యదండం. అబద్ధాన్ని దాచిన చెయ్యి తగిలితే ఎర్రగా వెలుగుతుంది."

జనం చేతులు జోడించారు. లోపల కొత్త సెల్లులున్న సంగతి ఆయనకు అప్పుడు గుర్తొచ్చింది. పోతమ్మ పిడి గట్టిగా పట్టుకుందంటే ఆవిడే దొంగవుతుంది.

ముందు పోతమ్మ వంతు. చేపల చెయ్యి తగిలి బాబు బంగారు కాగితం పాడైపోతుందేమోనని రెండు వేళ్లతో పట్టుకుని గంగమ్మ మీద ప్రమాణం చేసింది. వెలగలేదు. గురునాథరావు ఊపిరి పీల్చుకున్నాడు. ఎల్లారావు దాన్ని అందుకుని, ఇన్నేళ్లూ కులకర్రను పట్టుకున్న అలవాటు కొద్దీ పిడికిలి బిగించాడు. భగ్గున ఎర్రబడింది. జనం ఒకడుగు వెనక్కి వేశారు. ఎల్లారావు వెలుగుకేసి చూశాడు, తన పిడికిలికేసి చూసుకున్నాడు.

"గంగాలమ్మ కర్ర పారీనేదు," అన్నాడు చివరికి. "పిల్లిని కొట్టబోయి గోడకేసి నానే ఇరిసీసినాను. సెప్పుకోడానికి సిగ్గేసి దానిమీదెట్టీసినాను. తప్పు నాది."

ఎనిమిది రోజులుగా ఊరందరి చేతా మాటలు పడ్డ గంగాలమ్మ కొంగుతో కళ్లు తుడుచుకుంది. "ఈ మాట సెప్పడానికి గంధర్వులు దిగిరావాలేటి?" అంది.

ఎల్లారావు దండాన్ని వరహాలు ముందుకు చాపాడు. వరహాలు రెండు చేతులూ వెనక్కి పెట్టేసుకున్నాడు. ముట్టుకోవలసిన అవసరమే రాలేదు, అంతా కక్కేశాడు. బోటు వెనక్కి తిప్పుతూ తన వలను తన బోటు అడుగున తిరిగే ఫ్యానులోకే లాగించుకున్నాడట. కోసి సముద్రంలో వదిలేశాడట. ముప్పై ఏళ్ల అనుభవం ఉన్నవాడు ఇలాంటి పని చేశాడంటే నవ్వుతారని వల పోయిందన్నాడు. ఎవరు తీశారని అడిగేసరికి, కుప్ప పక్కన కూర్చున్న పోతమ్మ పేరు చెప్పేశాడు. మర్నాడు తెల్లవారగానే రేవులో అందరి ముందూ పోతమ్మ తలమీదికి గంప అతనే ఎత్తాలని ఎల్లారావు తీర్పు చెప్పాడు.

పోతమ్మ గురునాథరావు చేతులు రెండూ పట్టుకుంది.

"నా సోటు నాకిప్పించినావు బాబూ."

"నీ జావ తాగి బతికిన ఇల్లు పోతమ్మా మాది," అన్నాడాయన.

అంతలో ఎల్లారావు దండాన్ని భక్తిగా తెచ్చి ఆయన ముందు పెట్టాడు. గంధర్వుల కథ అల్లింది తనే. అందుకుంటే రేకు నొక్కుకుని తన చేతిలోనే ఎర్రగా వెలుగుతుందేమోనని భయం వేసింది. "మీ దగ్గరే ఉండనివ్వండి," అని బస్సుకోసం పరుగెత్తాడు.

సాయంత్రం గంధర్వ న్యాయమూర్తి కిటికీ కర్టెన్ రాడ్డుతో కొలువుదీరాడు. జనం ఈలలు వేశారు. డైరెక్టరు ఆ తర్వాత పదిహేను రోజులు ఆయనతో మాట్లాడలేదు. గురునాథరావుకు ఆ రోజంత తృప్తి ఏ నాటకంలోనూ దక్కలేదు.

నెల తర్వాత ఒక పొద్దున పోతమ్మ గంపతో వచ్చింది. వెనకాల ఎల్లారావు. రెండు వంజరం చేపలు రామలక్ష్మమ్మ చేతికిచ్చి, గురునాథరావును వరండా చివరికి తీసుకెళ్లి గొంతు తగ్గించాడు.

"బాబూ, కర్ర ఈమద్దిన ఎలగట్నేదు. సెల్లులు ఏ సైజు?"

గురునాథరావు నోరు తెరిచాడు. "నీకు ఎప్పుడు తెలిసింది?"

"ఆయేలే, పంచాయతీలోనే. పిడి నొక్కితే ఎలిగింది, ఒగ్గితే ఆరిపోనాది."

"మరి అంతమందిలో తప్పెందుకు ఒప్పుకున్నావు?"

"పెద్దోణ్ని నానొప్పుకోకపోతే వరహాలు ఒప్పుకుంటాడేటి బాబూ?"

గురునాథరావు అతనికి రెండు చేతులూ జోడించాడు. లోపలికెళ్లి, ఇంట్లో ఉన్న టార్చిలైటు విప్పి, సెల్లులు రెండూ తెచ్చిచ్చాడు. వరండా లైటు మాత్రం ఇంకా వెలగలేదు.