సెనేటర్ టెంగ్స్‌డాల్ వెన్న తిన్న ఉదయం

ఆ ఉదయం సెనేటర్ ఆర్విల్ టెంగ్స్‌డాల్ చేయవలసిన పని ఒక్కటే: టెలివిజన్‌లో రొట్టెకు వెన్న రాసుకుని తినడం. పాడికి పేరుమోసిన విస్కాన్సిన్ రాష్ట్ర సెనేట్‌లో ఆయన ప్రసంగాలన్నీ వెన్న తరఫునే సాగాయి. వెన్నలా కనిపించేలా నూనెతో చేసే పసుపు రంగు మార్జరిన్ అమ్మకం నేరంగానే ఉండాలని పట్టుబట్టినవారిలో ఆయన మొదటివాడు. అయినా ఈసారి ఎన్నికల్లో సీటు నిలిచేలా లేదు. మనిషి మరీ కొయ్యబొమ్మ అని పాడి రైతులే పెదవి విరుస్తున్నారు.

"కాస్త ఇష్టంగా తిను ఆర్విల్. తీర్మానం చదివినట్టు నమలకు," అంది భార్య వెర్నా, కారు దిగుతూ.

స్టూడియోలో వంటల కార్యక్రమం నడిపే లూయెల్లా తల పట్టుకుని కూర్చుంది. దీపాల వేడికి తెచ్చిన వెన్నంతా కరిగి పులుసైంది. మార్జరిన్ అయితే కాసేపు నిలిచేదే. కానీ ఆమె పాడి రైతు కూతురు, దాన్ని సెనేటర్ ముందు పెట్టడానికి చేతులు రాలేదు. అందుచేత పసుపుపచ్చని బట్టల సబ్బును వేడినీళ్లలో మెత్తబరిచి, వెన్నముద్దలా మలిచి, పళ్లెంలో పెట్టింది.

"రాసుకుంటే చాలు, నోట్లో పెట్టుకోవద్దని ఆయనతో చెప్పండి," అని వెర్నాను పంపింది.

వెర్నా అలంకరణ గదికి చేరేసరికి సెనేటర్ మరో తలుపున స్టూడియోలోకి వెళ్లిపోయాడు. ఆమె వెనక్కి పరుగెత్తేసరికి ఎర్రదీపం వెలిగింది. ఇక ప్రసారం ముగిసేదాకా తలుపు తెరవరు.

సెనేటర్ దండిగా రాసుకుని, భార్య చెప్పినట్టే ఇష్టంగా కొరికాడు. రాష్ట్రమంతా చూస్తుండగా వెన్న ఉమ్మేసిన నాయకుడికి మరునాడు రాజకీయం ఉండదు. కనుక మింగాడు.

"అంతా తినక్కర్లేదండీ," అంది లూయెల్లా, పాలిపోయిన ముఖంతో.

"ఎందుకు తిననమ్మా? మన వెన్న," అంటూ ఆయన రెండో ముక్క అందుకున్నాడు. పెదవి మూల చిన్న బుడగ లేచింది. కళ్ల వెంట నీళ్లు ధారలు కట్టాయి.

మధ్యాహ్నానికల్లా ప్రత్యర్థి కెసెనిక్ రేడియోలో ప్రకటించాడు: "నిజమైన వెన్న తిని ఏడ్చినవాణ్ణి నేనింతవరకూ చూళ్లేదు. అది మార్జరిన్." సాయంత్రానికి పాడి సంఘాలు సెనేటర్‌ను పోటీ నుంచి తప్పుకోమన్నాయి.

"సబ్బని చెప్పెయ్," అంది వెర్నా.

"సబ్బు తిన్నవాడికి ఓటెవరేస్తారే?"

"మార్జరిన్ తిన్నవాడికైతే నేనే వెయ్యను."

మరునాడు అదే కార్యక్రమంలో ఆయన నిజం ఒప్పుకున్నాడు. మార్జరిన్ పెట్టడానికి చేతులు రాక సబ్బు పెట్టానని లూయెల్లా సాక్ష్యమిచ్చింది. ఆ మాట పాలడబ్బాలతో పాటు ఊరూరా తిరిగింది. తిరిగే కొద్దీ, మార్జరిన్ ముట్టనని సెనేటరే సబ్బు అడిగి తిన్నాడన్నంత దాకా వెళ్లింది. ఆయన మునుపెన్నడూ రానంత ఆధిక్యంతో గెలిచాడు.

తరువాతి ఎన్నికల్లో కెసెనిక్ టెలివిజన్‌కు తన సబ్బు తానే తెచ్చుకున్నాడు.