డెబ్భై రెండు ట్రఫుల్స్, ఒక పన్ను

డిసెంబరు రెండో శనివారం పొద్దున ఆర్విడ్ హౌగెన్ వేసుకున్న పథకం చాలా తేలికైనది. తొమ్మిదికల్లా చాక్లెట్ కరిగించాలి, పన్నెండుకల్లా ట్రఫుల్స్ అనే చాక్లెట్ ఉండలు చుట్టెయ్యాలి, రెండింటికల్లా పన్నెండు పెట్టెలూ పన్నెండు ఇళ్లకు చేర్చెయ్యాలి, మూడింటికి సరస్సు మీద గడ్డకట్టిన మంచుకు కన్నం పెట్టుకుని చేపల కోసం కూర్చోవాలి. ముప్ఫై నాలుగేళ్లు కౌంటీ రోడ్ల మీద మంచు తోసే బండి నడిపి రిటైరైన మనిషికి ఇదొక లెక్కే కాదు.

నిజానికి ఆ ట్రఫుల్స్ ఆయన భార్య మార్లిస్ సొత్తు. ముప్ఫై ఒక్క క్రిస్మస్‌లుగా ఆవిడ చేతి ట్రఫుల్స్, పెట్టెకి ఆరు చొప్పున, ఆ వీధిలో ప్రతి ఇంటికీ వెళ్తున్నాయి. లోపల నలగ్గొట్టిన వెన్న టాఫీ పలుకులు, పైన కోకో పొడి. అమెరికా ఉత్తరాన ఉన్న ఆ మిన్నెసోటాలో ఒకరి వంట ఇంకొకరికి నచ్చితే "పరవాలేదు" అంటారు. మార్లిస్ ట్రఫుల్స్‌ని మాత్రం "బాగున్నాయి" అంటారు. అంతకు మించిన పొగడ్త ఆ ఊళ్లో ఎవరూ ఎవరినీ పొగిడి ఎరగరు.

ఈ ఏడు మార్లిస్ ఉత్తరాల డబ్బా దగ్గర జారిపడి కుడి మణికట్టు విరగ్గొట్టుకుంది. అదే ఊపులో కళ్లజోడూ పగిలింది. కొత్తది క్రిస్మస్ అయ్యాకగానీ రాదన్నారు. "ఈసారికి ట్రఫుల్స్ మానేద్దాం" అంటూ ఆవిడ కళ్లనీళ్లు పెట్టుకుంటే ఆర్విడ్ చూడలేకపోయాడు. నేను చేస్తానన్నాడు. అక్కడితో ఆగి ఉంటే బాగుండేది. "ఉండలు చుట్టడమేగా! దానికింత బాధ దేనికి?" అని కూడా అన్నాడు.

ఆ మాట మార్లిస్ మనసులో పెట్టుకుంది. శనివారం పొద్దున, ఆర్విడ్ అటక మీంచి దించిపెట్టిన క్రిస్మస్ బొమ్మల్ని ముందుగదిలో అలమర మీద ఎడంచేత్తోనే సర్ది వచ్చింది. బాలయేసు, గొర్రెలు, ఆయనకు కానుకలు తెచ్చిన ముగ్గురు రాజులు. అందులో ఒక రాజు కిరీటాన్ని పదకొండేళ్ల కిందట పిల్లి పడగొట్టింది. అది ఎటు దొర్లిపోయిందో దొరకలేదు, పాపం ఆ రాజు అప్పట్నుంచీ బోడినెత్తితోనే కానుక పట్టుకుని నిలబడుతున్నాడు. బొమ్మల పని ముగించుకుని ఆవిడ వంటింట్లో కుర్చీ వేసుకుంది.

"క్రీము పొంగనివ్వకు. అంచున బుడగలు రాగానే దించేయ్."

"దించాను."

"ఇప్పుడు చాక్లెట్ మీద పోసి చెయ్యి వెనక్కి తీసుకో. కలపకు."

"ఎంతసేపు?"

"నేను చెప్పేదాకా. ముట్టుకోకన్నానా! అది రోడ్డు కాదయ్యా, అలా తోసుకుంటూ పోవడానికి!"

గిన్నెని వెనక వసారాలో పెట్టాడు. బయట చలి ఫ్రిజ్‌ని నవ్వులపాలు చేస్తోంది. ఆ లోపల టాఫీ నలగ్గొట్టే పని పెట్టుకున్నాడు. అక్టోబరులో పళ్ల డాక్టరు, "ఎడమవైపు వెనకపన్ను మీది బంగారు తొడుగు కదులుతోంది, టాఫీ జోలికి మాత్రం వెళ్లకండి" అని చెప్పి ఉన్నాడు. ఆర్విడ్ టాఫీని మూడుసార్లు రుచి చూశాడు. మూడోసారి, నిజం చెప్పాలంటే, రుచి కోసం కాదు.

చల్లారిన గిన్నె లోపలికి తెచ్చి టాఫీ కలిపి, కోకో పొట్లం విప్పాడు. పొడి ముక్కులోకి పోయింది. సరిగ్గా గిన్నె మీదికి వంగి, కిటికీ అద్దాలు అదిరేలా తుమ్మాడు.

"ఏమైంది?" అంది మార్లిస్ కళ్లు చికిలించి.

"ఏం కాలేదు. కోకో."

"గిన్నెలోకా?"

"పక్కకి."

చెప్పినట్టే పన్నెండింటికి చుట్టేశాడు, రెండింటికి పంచేశాడు. ఆయన అరచేతులు పెద్దవి గనుక ఉండలు కూడా కాస్త పెద్దవే వచ్చాయి. ఇంటి ముందు ట్రక్కు ఆపి, గెలిచినవాడిలా ఒక ఈల వేద్దామని పెదాలు బిగించాడు. నాలుక ఎడమవైపుకి వెళ్లి గోతిలో పడింది. తొడుగు లేదు.

ఆయన ట్రక్కులోనే కూర్చుని ఆలోచించాడు. టాఫీ, తర్వాత తుమ్ము, తుమ్ము కింద గిన్నె. అనుమానమే లేదు. డెబ్భై రెండు ట్రఫుల్స్‌లో ఏదో ఒకదాని కడుపులో తన పంటి తొడుగు ఉంది. ఎవరో ఒకరు దాన్ని కొరుకుతారు, పన్ను విరుగుతుంది, లేకపోతే గొంతులో పడుతుంది. ముప్ఫై ఒక్క ఏళ్ల మార్లిస్ పేరు ఒక్క తుమ్ముకి మట్టిలో కలుస్తుంది. ఆయన పై ప్రాణాలు పైనే పోయాయి. ఇంట్లోకి అడుగైనా పెట్టకుండా ట్రక్కు వెనక్కి తిప్పాడు.

మొదటి ఇల్లు వెర్నాది. చర్చిలో పాటల బృందాన్ని నడిపించే ఆవిడ. ఊళ్లో వార్తల్ని నడిపించేదీ ఆవిడే.

"ఇప్పుడేగా వచ్చి వెళ్లావు! కాఫీ తాగుతావా ఆర్విడ్?"

ఆ ఊళ్లో దీనికో పద్ధతి ఉంది. మొదటిసారి అడిగితే "వద్దులే" అనాలి. రెండోసారి "నీకెందుకు శ్రమ" అనాలి. మూడోసారి "సరే, సగం కప్పు చాలు" అనాలి.

"తాగుతా. ఆ పెట్టె కూడా ఇలా తే" అన్నాడు ఆర్విడ్.

వెర్నా చేతిలోని గుడ్డ జారి కిందపడింది. "పెట్టె క్రిస్మస్‌కి విప్పుదామని దాచానే..."

"ఇప్పుడే విప్పు. కోకో సరిపోయిందో లేదో చూడాలి."

ఒకటి జాగ్రత్తగా ముందుపళ్లతో కొరికి తిన్నాడు. రెండోది తిన్నాడు. నాలుగోది తినేసరికి వెర్నా ఉండబట్టలేక, "సరిపోయిందా?" అంది.

"ఇంకా తేలట్లేదు."

ఆరూ తిన్నాడు. వెర్నా ఖాళీ పెట్టెని చూసి, ఆయన మొహం చూసి, గొంతు తగ్గించింది. "ఇంట్లో అంతా కులాసాయేనా?"

"మార్లిస్ చెయ్యి అలా ఉంది కదా మరి" అని, ఆయన హడావిడిగా లేచి వెళ్లిపోయాడు. ట్రక్కు మలుపు తిరగకముందే వెర్నా ఫోను అందుకుంది.

రెండో ఇంట్లో నాలుగు తిని రెండు జేబులో వేసుకున్నాడు. బయటికొచ్చి ఆ రెండూ నలిపి చూశాడు. మూడో ఇంటికొచ్చేసరికి తెలివి వచ్చింది, కడుపూ నిండింది. పుల్లతో పొడిస్తే సరిపోతుంది, తినడం దేనికి? మూడో ఇల్లు హాల్వర్ అన్నదమ్ములది. పెళ్లి మాటెత్తని ఇద్దరు ముసలి రైతులు. వాళ్లు కాఫీ తేవడానికి లోపలికి వెళ్లగానే పళ్లు కుట్టుకునే పుల్ల తీసి వరసగా పొడవడం మొదలుపెట్టాడు. ఐదో దానిలో పుల్ల దిగి ఉండగా తమ్ముడు కప్పుతో వచ్చి నిలబడ్డాడు.

"ఏం చేస్తున్నావు?"

"లోపలికి కాస్త గాలి ఆడాలి."

"ఓహో" అన్నాడు తమ్ముడు.

"ఓహో" అన్నాడు వెనకే వచ్చిన అన్న. ఇంతలో ఫోను మోగింది. అన్న వెళ్లి విని, వంటింట్లోకి పోయి, పళ్లెం నిండా వేడివేడి మాంసం, బంగాళదుంప పెట్టుకుని తెచ్చి ఆర్విడ్ ముందు పెట్టాడు. "తిను. సిగ్గుపడకు" అన్నాడు, తనే సిగ్గుపడుతూ.

ఐదో ఇంటికొచ్చేసరికి తలుపు తట్టకముందే పళ్లెం సిద్ధంగా ఉంది. ఎనిమిదో ఇంట్లో పళ్లెంతో పాటు ఒక మాట కూడా వడ్డించారు. "మార్లిస్‌ని ఏమీ అనకు ఆర్విడ్. ఒంటిచేత్తో వండటం ఎవరి తరమవుతుంది?" ఆర్విడ్‌కి ఆ మాట అర్థం కాలేదు. అర్థం చేసుకునే తీరిక కూడా లేదు. ఐదింటికి పదకొండు ఇళ్లు అయ్యాయి, ఆరుచోట్ల భోజనం అయింది, తొడుగు మాత్రం దొరకలేదు. పన్నెండో పెట్టె పాస్టర్ సిగ్రిడ్‌ది. ఆవిడ దాన్ని ఆదివారం ప్రార్థన తర్వాత అందరికీ పెడదామని చర్చిలో ఉంచిందట. చర్చికి తాళం వేసి ఉంది.

ఇంటికొచ్చి చూస్తే ముందు వసారాలో తొమ్మిది హాట్‌డిష్‌లు బారులు తీరి ఉన్నాయి. కింద మాంసం, పైన బంగాళదుంప ముక్కలు పరిచి ఓవెన్‌లో కాల్చే ఆ కూర ఆ ఊళ్లో ఎవరైనా చనిపోతేనే అన్ని గిన్నెల్లో ఒకే గుమ్మంలోకి వస్తుంది.

"మనింట్లో ఎవరైనా పోయారా?" అంది మార్లిస్ గాభరాగా. "ఒక్కొక్కరే వచ్చి గిన్నె పెట్టడం, నా భుజం తట్టడం, వెళ్లిపోవడం!"

"పోలేదనుకుంటా" అన్నాడు ఆర్విడ్ బూట్లు విప్పుతూ.

"నీ పడవ జిగురు కొంచెం వాడుకున్నాను."

"వాడుకో" అన్నాడు. ఆయన మనసు చర్చిలో ఉంది.

ఆదివారం ప్రార్థన కాగానే చర్చి నేలమాళిగలోకి అందరికంటే ముందు దిగుదామనుకున్నాడు. మోకాళ్లు సహకరించలేదు. దిగేసరికి పాస్టరమ్మ పెట్టెలో ఐదు అయిపోయాయి. ఎవరూ దవడ పట్టుకుని లేరు. పళ్లెంలో ఒక్కటి మిగిలింది. అంటే అదే!

అయితే ఆ ఊళ్లో ఆఖరి ముక్క ఎవరూ తీసుకోరు. వెర్నా వచ్చి దాన్ని సగం కోసి, సగం వదిలింది. పెద్ద హాల్వర్ ఆ సగాన్ని సగం చేశాడు. చిన్న హాల్వర్ ఆ పావుని సగం చేశాడు. చివరికి బఠాణీ గింజంత మిగిలింది. సరిగ్గా ఒక పంటి తొడుగంత! కత్తులు అంతవరకే ఎందుకు వచ్చి ఆగాయో ఆర్విడ్‌కి ఆ క్షణంలో స్పష్టంగా తెలిసిపోయింది. రెండంగల్లో వెళ్లి ఆఖరి ముక్క తీసి నోట్లో వేసుకున్నాడు.

నేలమాళిగలో అందరి కాఫీ కప్పులూ గాల్లోనే ఆగిపోయాయి. ముక్క మెత్తగా కరిగిపోయింది. అందులో చాక్లెట్ తప్ప ఏమీ లేదు.

"ఆర్విడ్ గారూ, మధ్యాహ్నం మీ ఇంటికొస్తాను" అంది పాస్టర్ సిగ్రిడ్ మెల్లగా.

వచ్చింది. వెంట వెర్నా, వెర్నా చేతిలో పదో హాట్‌డిష్. నలుగురూ ముందుగదిలో కూర్చున్నారు. ఎవరూ విషయానికి రావడం లేదు. వాతావరణం గురించి మాట్లాడారు, తర్వాత మళ్లీ వాతావరణం గురించే మాట్లాడారు. ఇక లాభం లేదు, తుమ్ము దగ్గర్నుంచీ అంతా చెప్పేద్దామని ఆర్విడ్ గొంతు సవరించుకున్నాడు. సరిగ్గా అప్పుడే పాస్టరమ్మ చూపు అలమర మీదికి వెళ్లింది.

"అరె, మీ రాజుగారికి కిరీటం వచ్చిందే!"

"చూశారా!" మార్లిస్ మొహం వెలిగిపోయింది. "నిన్న ఈయన పెట్టెలు ఇవ్వడానికి వెళ్లాక ఊడుస్తుంటే పొయ్యి కింద దొరికింది. పదకొండేళ్లకి! నాకు కళ్లు సరిగ్గా ఆనకపోయినా పట్టుకోగానే తెలిసిపోయింది. పడవ జిగురుతో అతికించాను. నీళ్లలో వేసినా ఊడదది. చెయ్యి విరిగాక ఎవరి సాయం లేకుండా నేను చేసిన పని ఇదొక్కటే, పాస్టరమ్మా."

ఆర్విడ్ తల తిప్పి చూశాడు. బెత్తెడు పొడవు రాజు నెత్తిన, నాలుగు బొడిపెలు పైకి పెట్టుకుని, తన పన్ను తళతళా మెరుస్తోంది.

ఆయన నోరు తెరిచాడు. మార్లిస్ వైపు చూశాడు. మూడు వారాలుగా గ్లాసు కూడా ఒకరు అందిస్తే పుచ్చుకుంటున్న మనిషి, ఇవాళ భుజాలు నిటారుగా పెట్టుకుని కూర్చుంది. ఆయన గుండె కరిగిపోయింది.

"ఆర్విడ్ గారూ," అంది పాస్టరమ్మ, "నిన్నట్నుంచి మీరు... మనసులో ఏదన్నా ఉంటే చెప్పండి. మేమంతా మీవాళ్లమే."

"ఆకలేసింది, పాస్టరమ్మా."

"ఆకలా!" మార్లిస్ కుర్చీలో ఎగిరిపడింది. "నిన్న పొద్దున నాలుగు గుడ్లు తిన్నావు కదయ్యా!"

"అయినా వేసింది."

వెర్నా లేచి అలమర దగ్గరికి వెళ్లింది. ఆవిడ కళ్లజోడు కొత్తది. వంగి రాజుగారిని చాలాసేపు చూసింది. తర్వాత ఆర్విడ్ ఎడమ దవడ వైపు అంతకంటే ఎక్కువసేపు చూసింది.

"ఇలాంటి కిరీటం నేనెక్కడా చూడలేదు మార్లిస్" అంది. మళ్లీ కూర్చుంటూ, "ఆర్విడ్, రేపట్నుంచి నీకు కాస్త మెత్తగా ఉడికించి పంపిస్తాలే" అంది. ఊళ్లో ఇంకెవ్వరికీ ఒక్క ముక్క చెప్పలేదు. ఆవిడ జీవితంలో అదే మొదటిసారి.

రాజుల పండగ జనవరి ఆరున. అందాకా బొమ్మలు అలమర మీద ఉండాల్సిందే. అందాకా ఆర్విడ్ కుడివైపే నమిలాడు. ఏడో తేదీ పొద్దున, పెళ్లయ్యాక మొట్టమొదటిసారి, బొమ్మలు నేను సర్దుతానన్నాడు. రాజుని ఉన్నిమేజోడులో దూర్చి కోటు జేబులో పెట్టుకుని పళ్ల డాక్టరు దగ్గరికి వెళ్లి, బల్ల మీద నిలబెట్టాడు.

డాక్టరు ఇద్దరినీ మార్చి మార్చి చూసి, నొప్పి ఎవరికని అడిగాడు.